అమ్మ భాష గడిలో ఏం రాశారు?

జనాభా లెక్కలు చూస్తే కన్నడ సీమలో తెలుగువాళ్ళు తగ్గిపోయారు. తగ్గింది మనుషులా, జవాబులా?

2001 జనాభా లెక్కల్లో కర్ణాటకలో తెలుగు తమ మాతృభాష అని చెప్పినవాళ్ళు దాదాపు 37 లక్షలు. 2011 వచ్చేసరికి ఆ సంఖ్య 35.7 లక్షలకు దిగింది. రాష్ట్ర జనాభాలో వాటా 7 శాతం నుంచి 5.84 శాతానికి పడిపోయింది. ఆ పదేళ్ళలో కర్ణాటక జనాభా మాత్రం 5.28 కోట్ల నుంచి 6.11 కోట్లకు పెరిగింది. పక్కనే తమిళనాడులో చూస్తే కథ తిరగబడింది. అక్కడ తెలుగువాళ్ళు 35 లక్షల నుంచి 42 లక్షలయ్యారు.

మరి కర్ణాటకలో లక్షకు పైగా తెలుగువాళ్ళు ఏమైపోయినట్టు? బళ్ళారి, కోలారు, చిక్కబళ్ళాపురం, పావగడ, రాయచూరు ఊళ్ళేమీ ఖాళీ కాలేదు. బెంగళూరుకు బస్సులెక్కి వచ్చిన కుర్రకారును కలుపుకుంటే లెక్క పెరగాలి గానీ తగ్గకూడదు. అలాగని లెక్క తప్పనీ అనలేం. గడప ముందు నిలబడి ఎన్యూమరేటర్ అడిగాడు, ఇంటివాళ్ళు చెప్పారు, ఆయన రాసుకున్నాడు. తగ్గింది ఇంట్లో మాటా, గడప దగ్గర ఇచ్చిన జవాబా అన్నదే అసలు సందేహం. రెండూ కొంత కొంత తగ్గి ఉండొచ్చు. కానీ కాగితం మీదికి ఎక్కేది జవాబు ఒక్కటే. ఆ తర్వాత ప్రభుత్వానికి తెలిసిన ‘తెలుగువాడు’ కూడా ఆ జవాబులో ఉన్నవాడే.

సమాజం, వాదన కలిసి మనకు ‘తెలిసిన సంగతుల’ను ఎలా తయారు చేస్తాయో చెప్పడానికి పెద్ద తత్వశాస్త్రం అక్కర్లేదు. సరిహద్దులో పుట్టి పెరిగినవాళ్ళకు ఈ ఒక్క గడి చాలు.

ప్రశ్న మారితే జవాబు మారుతుంది

1881లో ‘మాతృభాష’ ఏదని అడిగారు. అంటే ఊయల నాటి నుంచి మాట్లాడిన భాష. 1891లో అది ‘తల్లిదండ్రుల భాష’ అయింది. 1901లో ‘మామూలుగా వాడే భాష’ అన్నారు. ఆ తర్వాత మళ్ళీ మాతృభాష దగ్గరికే వచ్చారు. ఇటీవలి జనగణనల్లో ఎన్యూమరేటర్లకు ఇచ్చిన సూచన ఇదీ: చిన్నతనంలో తల్లి బిడ్డతో మాట్లాడిన భాషే మాతృభాష. తల్లి పసితనంలోనే పోయి ఉంటే, ఆ ఇంట్లో ఎక్కువగా మాట్లాడిన భాష.

ఈ మూడు ప్రశ్నలనూ సిరుగుప్పలోనో, బాగేపల్లిలోనో ఒక ఇంట్లో అడిగి చూడండి. అమ్మమ్మతో తెలుగు, బడిలో కన్నడ, అంగట్లో రెండూ. తల్లిదండ్రుల భాష అంటే తెలుగు. మామూలుగా వాడేదంటే సగం సగం. తల్లి మాట్లాడింది అంటే, తల్లి కన్నడ ఇంటి పిల్ల అయితే కన్నడ, నాయనమ్మ మాత్రం తెలుగు. ఇంట్లోవాళ్ళు అబద్ధం ఆడరు. ప్రశ్న ఎటు తిరిగితే జవాబు అటు తిరుగుతుంది.

ఇంకొకటి. జవాబు చెప్పేవాడు గాలిలో నిలబడి చెప్పడు. వీధిలో ఏం గొడవ నడుస్తోంది, వచ్చిన మాస్టారు ఏ భాషలో అడిగాడు, ఏం చెబితే నష్టం లేదు అన్నవి మనసులో ఉంటాయి. 1951లో పంజాబ్‌లో ఇది హద్దు దాటింది. హిందీనా పంజాబీనా అన్న ప్రచారం ఎంత ముదిరిందంటే, వచ్చిన జవాబులను నమ్మలేక హిందీ, పంజాబీ, ఉర్దూ, పహాడీలను విడివిడిగా చూపకుండా కలిపేసి ప్రకటించారు. అంత ఎత్తున కాకపోయినా, చిన్న మోతాదులో ఇలాంటిది ప్రతి సరిహద్దు జిల్లాలోనూ జరుగుతుంది.

బళ్ళారిలో కాంప్‌బెల్ లెక్క

మన సరిహద్దుల్లో ఈ సంగతి బాగా తెలియాలంటే బళ్ళారికే పోవాలి. 1823 ఆగస్టులో అప్పటి బళ్ళారి కలెక్టర్ ఎ.డి. కాంప్‌బెల్ జిల్లాలోని బడుల మీద మద్రాసుకు ఒక నివేదిక పంపాడు. అప్పట్లో అనంతపురం కూడా బళ్ళారి జిల్లాలోనే ఉండేది. ఆయన లెక్క ప్రకారం మొత్తం 533 బడులు, 6,641 మంది పిల్లలు. కన్నడ బడులు 235, తెలుగు బడులు 226, మరాఠీవి 23, ఫారసీవి 21, తమిళానివి 4, ఇంగ్లీషుది ఒకటి, శాస్త్రాలు చెప్పే చోట్లు 23. కన్నడానికీ తెలుగుకూ తేడా తొమ్మిది బడులే! ఆ పిల్లల్లో ఆడపిల్లలు 60 మంది.

చదవగానే ఇది నిఖార్సయిన సమాచారం అనిపిస్తుంది. కానీ ఇదే నివేదికను ఎవరెవరు ఎలా వాడుకున్నారో చూడండి. కాంప్‌బెల్ దీన్ని రాసింది జనం బీదవాళ్ళైపోయి బడులు క్షీణించాయని చెప్పి, ప్రభుత్వం చేత డబ్బు పెట్టించడానికి. పిల్లలు వల్లె వేసే పద్యాల భాషకూ వాళ్ళు ఇంట్లో మాట్లాడే భాషకూ పొంతన లేదని కూడా అందులో రాశాడు. 1931లో గాంధీజీ లండన్‌లో ఇంగ్లీషు పాలన మన చదువును పెరికేసిందని అన్నప్పుడు పెద్ద వాదమే లేచింది. ఆ వాదానికి సాక్ష్యంగా మద్రాసు కలెక్టర్ల నివేదికలన్నిటినీ ధరంపాల్ 1983లో పుస్తకంగా వేశారు. అందులో కాంప్‌బెల్‌దీ ఉంది. అప్పట్లో ఊరూరా బడి ఉండేదని ఒకరు చూపిస్తే, అంత జిల్లాలో ఆడపిల్లలు 60 మందేనా అని ఇంకొకరు అడిగారు. అంకె ఒక్కటే. దాన్ని ఎవరు ఏ సభలో ఎత్తి చూపారన్నదాన్ని బట్టి ‘జ్ఞానం’ మారిపోయింది.

ఈ కాంప్‌బెల్ మనకు ఇంకో రకంగా కూడా కావాల్సినవాడే. 1816లో మద్రాసులో అచ్చయిన ఆయన తెలుగు వ్యాకరణానికి ఎఫ్.డబ్ల్యు. ఎల్లిస్ ఒక పీఠిక రాశాడు. తెలుగు సంస్కృతానికి బిడ్డ కాదు, తమిళం, కన్నడంతో కలిసి వేరే కుటుంబం అని మొదటిసారి ఆధారాలతో చెప్పింది అందులోనే. కలకత్తా పండితులు అప్పటిదాకా దేశభాషలన్నీ సంస్కృతం నుంచే పుట్టాయని నమ్మేవారు. ఎల్లిస్ ఆధారాల్లో ముఖ్యమైనది తెలుగు ధాతువుల పట్టిక. దాన్ని తయారు చేసింది మద్రాసు కాలేజీలో తెలుగు, సంస్కృతం చెప్పిన పట్టాభిరామశాస్త్రి. అయితే ఒక వ్యాకరణం ముందు ఇరుక్కున్న పీఠికను ఎవరు చదువుతారు? ఎల్లిస్ 1819లోనే పోయాడు. 1856లో కాల్డ్‌వెల్ పెద్ద పుస్తకం వేశాక లోకానికి ఆ సంగతి తెలిసింది, పేరూ ఆయనకే వచ్చింది. పట్టాభిరామశాస్త్రి పేరు తెలుగు పాఠ్యపుస్తకాల్లో ఎంతమంది చూశారు?

తాలూకా ఎవరిది?

మళ్ళీ బళ్ళారికి వద్దాం. ధర్మవరం రామకృష్ణమాచార్యులు, కోలాచలం శ్రీనివాసరావు, బళ్ళారి రాఘవ. తెలుగు నాటకాన్ని నిలబెట్టిన ముగ్గురూ ఈ ఊరివాళ్ళే. పైగా ముగ్గురూ కోర్టులో వాదించిన ప్లీడర్లే. అలాంటి ఊరు 1953లో తానే ఒక దావాగా మారింది.

ఆంధ్ర రాష్ట్రం ఇస్తామన్నాక బళ్ళారి జిల్లాలోని పది తాలూకాలను పంచాలి. ఆదోని, ఆలూరు, రాయదుర్గం తెలుగు తాలూకాలు, ఆంధ్రకు పోయాయి. హరపనహళ్ళి, హడగలి, హోస్పేట, కూడ్లిగి, సండూరు, సిరుగుప్ప మైసూరుకు పోయాయి. మిగిలింది బళ్ళారి తాలూకా ఒక్కటి. అక్కడ ఏ భాషకూ తిరుగులేని మెజారిటీ లేదు. దాని సంగతి తేల్చమని జస్టిస్ ఎల్.ఎస్. మిశ్రాకు అప్పగించారు. ఆయన మైసూరుకే మొగ్గారు. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం పుట్టేసరికి బళ్ళారి అవతల ఉంది.

అయితే అంతటితో తేలలేదు. ఆ ఏడాది చివర్లోనే ఫజల్ అలీ కమిషన్ వచ్చింది. ఆ కమిషన్ 1955లో ఇచ్చిన నివేదికలో బళ్ళారి, సిరుగుప్ప, హోస్పేట తాలూకాలను, మల్లాపురంలో కొంత భాగాన్ని ఆంధ్రకు ఇవ్వాలంది! తుంగభద్ర ప్రాజెక్టు, రాయలసీమతో ఉన్న వ్యాపార సంబంధాలు చూపింది. భాష ఒక్కటే కొలబద్ద కాదంది. అదే కమిషన్ కోలారు దగ్గరికి వచ్చేసరికి, జిల్లాలో తెలుగువాళ్ళు సగానికి పైగా ఉన్నా దాన్ని కర్ణాటకలోనే ఉంచమంది. అంటే మెజారిటీ లేని బళ్ళారి తెలుగువాళ్ళకు, మెజారిటీ ఉన్న కోలారు కన్నడిగులకు. చివరికి 1956లో పార్లమెంటు రెండింటినీ కర్ణాటక వైపే ఉంచింది.

ఇందులో న్యాయం ఎవరి వైపు ఉందన్నది ఇక్కడ తీర్చే పని కాదు. డెబ్భై ఏళ్ళు దాటింది, మనవాళ్ళకూ కన్నడ సోదరులకూ ఆ వేడి చల్లారింది, మంచిదే. గమనించాల్సింది ఒకటి. ఇరువైపులా చూపింది అవే జనాభా లెక్కలు. వాటి పక్కన నిలబెట్టిన వాదన మారితే అంకెకు అర్థం మారింది. టౌన్‌ను చూడమన్నవాళ్ళకు అది తెలుగు ఊరు. చుట్టూ పల్లెలను చూడమన్నవాళ్ళకు కన్నడ సీమ. పల్లెనుంచి సంతకొచ్చి రెండు భాషల్లో బేరమాడే రైతును మాత్రం ఏ పట్టికా చూపలేదు. గడిలో ఒక్క భాషకే చోటు మరి.

1960లో ఇంకో దిక్కున ఇంకో కొలత వాడారు. ఆంధ్ర, మద్రాసు సరిహద్దు సర్దుబాటుకు వచ్చిన పటాస్కర్ తాలూకాను కాకుండా గ్రామాన్ని లెక్కలోకి తీసుకున్నారు. దాని ప్రకారం చేసిన 1959 చట్టంతో, 1960 ఏప్రిల్ 1 నుంచి చిత్తూరు జిల్లాలోని తిరుత్తణి తాలూకా మద్రాసుకు పోయింది. చెంగల్పట్టు, సేలం జిల్లాల్లోని కొన్ని గ్రామాలు ఇటు వచ్చాయి. తెలుగు కుటుంబంలో పుట్టిన సర్వేపల్లి రాధాకృష్ణన్ సొంతూరు తిరుత్తణి అలా తమిళనాడులో చేరింది. ఊరిని కొలిస్తే ఒక సరిహద్దు, తాలూకాను కొలిస్తే ఒక సరిహద్దు. ఏ కొలత వాడాలో అంకెలు చెప్పవు, దాన్ని మనుషులు కూర్చుని తేల్చాలి.

పేరు పెట్టింది ఎవరు?

మనల్ని మనం ఏమని పిలుచుకుంటున్నాం అన్నదీ తేలిక సంగతి కాదు. తొలి ఇంగ్లీషువాళ్ళకు మనం ‘జెంటూ’లం. ఆ మాట పోర్చుగీసువాళ్ళ నోట్లోంచి వచ్చింది. తమిళులకు ‘వడుగర్’, అంటే ఉత్తరాదివాళ్ళం. గ్రియర్సన్ భారతీయ భాషల సర్వే చేసినప్పుడు మద్రాసు, హైదరాబాదు, మైసూరులను వదిలేశాడు. అంటే తెలుగువాళ్ళు ఎక్కువగా ఉన్న చోట్లు ఆ సర్వేలో లేవు! దాంతో 1906లో వచ్చిన నాలుగో సంపుటంలో తెలుగు ‘మాండలికాలు’గా ఎక్కినవి బొంబాయి, మధ్య పరగణాల వైపు వలసపోయినవాళ్ళవి. వాటి పేర్లు చూడండి: వడరి, కామాఠీ, సాలేవారి, దాసరి, కోమ్‌టావు. రాళ్ళు కొట్టేవాళ్ళది ఒక భాష, మగ్గం నేసేవాళ్ళది ఒకటి, దుకాణం పెట్టినవాళ్ళది ఇంకొకటి. వృత్తి పేరో కులం పేరో భాష పేరై కూర్చుంది. ముంబయిలో కామాఠీపురా పేరు కూడా ఆ తెలుగు కూలీల నుంచి వచ్చిందే.

ఆ పేర్లలో ఒకటి నేటికీ బతికి ఉంది. మహారాష్ట్ర, కర్ణాటకల్లో వడ్డెర కుటుంబాలు తమ భాషను ‘వడరి’ అని రాయిస్తాయి. జనగణన శాఖ దాన్ని తెలుగు కింద వేరే వరుసగా చూపి, మొత్తం తెలుగులో కలుపుతుంది. 2001లో ఇలా రాయించినవాళ్ళు లక్షా డెబ్భై వేలకు పైనే. వాళ్ళింట్లో ‘నీళ్ళు తేవే’ అంటే మనకు అర్థమవుతుంది, వాళ్ళకీ మన మాట అర్థమవుతుంది. అయినా అది తెలుగని వాళ్ళకు ఎవరూ చెప్పలేదు. తెలుగు సంఘాలవాళ్ళు కూడా ఉగాది సభకు వాళ్ళను పిలిచింది తక్కువే. మెమొరాండాలు రాసింది ప్లీడర్లు, భూములున్నవాళ్ళు, పంతుళ్ళు. అంకెల్లో బరువు మోసింది కూలీలు, నేతవాళ్ళు, రాళ్ళు కొట్టేవాళ్ళు, తమిళ కొంగునాడులో అయితే అరుంధతీయులు. సభలో మైకు ఎవరి చేతిలో ఉంటే వాళ్ళ తెలుగే ‘తెలుగు’ అయింది.

పచ్చిగా చెప్పాలంటే సరిహద్దు తెలుగు తగ్గడంలో మన చేతివాటమూ ఉంది. ‘మాది తెలుగు కాదు సార్, ఏదో కలిపి మాట్లాడతాం’ అనే మాట ఈ పక్క ఊళ్ళలో వినని విలేకరి ఉండడు. కన్నడం కలిసిన తెలుగు, తమిళ యాస తెలుగు, ఒడియా మాటలున్న తెలుగు విని నవ్వింది విజయవాడ చుట్టమో, హైదరాబాదు టీవీనో. ఇంట్లో మాట్లాడేది తెలుగు కాదని ఒకసారి నమ్మాక, ఎన్యూమరేటర్ ముందు బడి భాష పేరు చెప్పడం ఎంతసేపు?

పర్లాకిమిడి నుంచి

ఈ నవ్వును జీవితమంతా ఎదిరించిన మనిషి కూడా సరిహద్దువాడే. గిడుగు రామమూర్తి పర్లాకిమిడిలో పంతులుగా పనిచేశారు. కొండల్లోని సవరల దగ్గర వాళ్ళ భాష నేర్చుకుని, దానికి వ్యాకరణం, నిఘంటువు తయారు చేశారు. జనం నోట్లో ఉన్నదే భాష అని గ్రాంథికవాదులతో ఏళ్ళ తరబడి పోరాడారు. వాదించడంలో ఆయన్ని మించినవాడు లేడు. ఎదుటివాళ్ళ పుస్తకాల్లోంచే ఉదాహరణలు తీసి, మీరూ వ్యావహారికమే రాశారు చూడండని చూపేవారట! ఆ రోజుల్లో మద్రాసు కమిటీల్లో ఓడినా, ఇప్పుడు మనం రాస్తున్న పత్రిక భాష ఆయన వాదన గెలవబట్టే వచ్చింది.

1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడింది. దేశంలో భాష ఆధారంగా ఏర్పడ్డ తొలి రాష్ట్రం అది. పర్లాకిమిడి పట్టణం అందులో చేరింది. దాన్ని వ్యతిరేకించిన గిడుగు ఊరు విడిచి రాజమండ్రికి వచ్చేశారు, 1940లో కన్నుమూశారు. పల్లెజనం మాటకు విలువ ఉందని లోకానికి చెప్పిన మనిషికి, తన ఊళ్ళో ఆ మాటలు ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టే చోట వాదన చేజారింది.

ఒక శాతం అటూ ఇటూ అయితే

ఇదంతా పాత దావా కదా, ఇప్పుడెందుకు అంటారా? అంకె మీద ఆధారపడి కొన్ని గట్టి సంగతులు ఉన్నాయి. రాజ్యాంగం 350ఎ అధికరణ ప్రకారం అల్పసంఖ్యాక భాషల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషలో చదువు చెప్పే ఏర్పాటు చేయాలి. తరగతికి 10 మంది లేదా బడికి 40 మంది ఉంటే ఆ భాష పంతులును ఇవ్వాలన్నది 1949 నుంచి ఉన్న సూత్రం. ఒక జిల్లాలోనో, తాలూకాలోనో, మున్సిపాలిటీలోనో ఒక భాషవాళ్ళు 15 శాతం ఉంటే ముఖ్యమైన ప్రభుత్వ ప్రకటనలు ఆ భాషలో కూడా వేయాలని 1961లో ముఖ్యమంత్రుల సమావేశం ఒప్పుకుంది. అమలు ఎలా ఉందన్నది వేరే కథ, అది మన పాఠకులకు బాగా తెలుసు. కానీ 14.8 శాతం అయితే అడగడానికి కూడా నోరు లేవదు. యానాంవాళ్ళు ఈ విషయంలో అదృష్టవంతులు. పుదుచ్చేరి 1965 అధికార భాషల చట్టంలోనే యానాంకు తెలుగు అని రాసి ఉంది. హోసూరువాళ్ళకు అలా రాసిపెట్టి లేదు. 2006 తమిళ అభ్యసన చట్టం తర్వాత మాతృభాషలో పదో తరగతి పరీక్ష రాయడానికి భాషా అల్పసంఖ్యాకులు కోర్టుల చుట్టూ తిరగాల్సి వచ్చింది.

దేశం మొత్తం మీద కూడా తెలుగు స్థానం ఇలాగే జారింది. 2001లో 7.40 కోట్లతో మూడో స్థానం, 2011లో 8.11 కోట్లతో నాలుగో స్థానం. మరాఠీ ముందుకెళ్ళింది. ఈ పట్టిక బయటికి వచ్చింది 2018లో. ఆ రోజుల్లో రెండు రాష్ట్రాల్లోనూ తెలుగు భవిష్యత్తు మీద ఉపన్యాసాలు చాలానే జరిగాయి. సరిహద్దు ఇళ్ళలో గడి ఎలా నిండుతోందని అడిగినవాళ్ళు తక్కువ.

2021లో జరగాల్సిన జనగణన కోవిడ్‌తో మొదలై వాయిదాలు పడుతూ వచ్చింది. చివరికి 2027 మార్చి 1 ప్రామాణిక తేదీగా కేంద్రం 2025 జూన్‌లో ప్రకటన ఇచ్చింది. ఈసారి కులమూ లెక్కలోకి వస్తుంది. ఫోన్‌లోనో, కంప్యూటర్‌లోనో కుటుంబం తానే వివరాలు నింపుకునే వీలూ పెట్టారు. అంటే గడప దగ్గర మాస్టారు ఏ భాషలో అడిగాడన్న మొహమాటం కొంత తగ్గుతుంది. బదులుగా ఇంట్లో ఫోను ఎవరి చేతిలో ఉందన్నది లెక్కకొస్తుంది. కన్నడ మాధ్యమంలోనో, ఇంగ్లీషులోనో చదివిన మనవడు నాయనమ్మ గడిని కూడా తన భాషతోనే నింపేస్తే అడిగేవాడుండడు.

గత జనగణనల్లో ఎన్యూమరేటర్లకు ఇచ్చిన నియమాలు కొన్ని చాలామందికి తెలియవు. ఇంట్లో అందరికీ ఒకే మాతృభాష ఉండాలని లేదు, ఒక్కొక్కరిని విడిగా అడగాలి. చెప్పినవాళ్ళు ఏ పేరు చెబితే ఆ పేరే పూర్తిగా రాయాలి. అది భాషా, మాండలికమా అని ఎన్యూమరేటర్ తీర్పు చెప్పకూడదు. మతాన్ని బట్టి భాషను ఊహించకూడదు. మాతృభాష గడి కాక, తెలిసిన ఇతర భాషలు రెండింటికి వేరే గడులు ఉంటాయి. తెలుగు అని చెప్పిన ఇంట్లో కన్నడమో, తమిళమో, ఒడియానో, మరాఠీనో ఆ గడుల్లో రాయించుకోవచ్చు.